గోలకొండ కడపటి సుల్తాను తానీషా

తానీషా పేరు వినని వారు మన ప్రాంతమున నుండరు. అయితే మనలో పెక్కుమంది యెరిగిన తానీషా హరికథలలోని తానీషా. భద్రాచల రామదాసును చెరసాలలో బెట్టించినవాడు. ఒకనాటి యర్ధరాత్రమున రామోజీ లక్ష్మోజీ యను పేర్లతో వచ్చిన యిద్దరు యువకులు నిద్ర లేపి, ఆరు లక్షల మొహరీలు కుప్పవోసి, రసీదు వ్రాయించుకొని పోగా, తెల్లవారిన పిదప తాను చూచినది యెవరినో తెలిసికొని చేతులు జోడించినవాడు. లెక్కలు వ్రాసి బ్రతికిన నావంటి వానికి ఆ కథలో మిక్కిలి నచ్చినది ఆ రసీదు. దేవుడైనను సర్కారు బాకీ తీర్చినపుడు రసీదు పుచ్చుకొనక తప్పలేదు గదా!

చరిత్రలోని తానీషాను మరియొక రాత్రి కూడ నిద్ర లేపిరి. అది 1687వ సంవత్సరము సెప్టెంబరు 21వ తేది, తెల్లవారుటకు ముందు. ఆ రాత్రి వచ్చినవారు ధనము తెచ్చినవారు కారు. ఎనిమిది మాసములు కోట చుట్టును కాచుకొని కూర్చుండిన ఔరంగజేబు పాదుషా సేనానులు వారు. ఆ రాత్రితో గోలకొండ రాజ్యము ముగిసినది. ఆ రాత్రి ఆతడు నడచుకొనిన తీరు హరికథలో లేదు. అందుచేతనే ఈ సంచికకు ఆతని జీవితమును వ్రాయ బూనితిని.

ఆతని యసలు పేరు అబుల్ హసన్. కుతుబ్ షాహీ వంశమునకు తండ్రి వైపున చుట్టరికము గలవాడే గాని, సింహాసనమునకు సమీపమున పెరిగినవాడు కాడు. గుల్బర్గా బందేనవాజు సంతతివాడైన షా రాజు అను సూఫీ గురువు హైదరాబాదు నగరమున నివసించుచుండెను. అబుల్ హసన్ ఆ గురువు నాశ్రయించి, ఫకీరుల నడుమ రమారమి పదునాలుగు సంవత్సరములు గడపెను. గురువునకు శిష్యునిపై మిక్కుటమైన వాత్సల్యము. ముద్దుగా తానాషా యని పిలిచెడివాడట. బాలరాజు వంటి యర్థము చెప్పుదురు. అదే మన నోళ్లలో తానీషా యైనది. పాటయందును కవిత్వమునందును ప్రీతి గలవాడనియు, చక్కని కంఠము గలవాడనియు ప్రతీతి.

అప్పుడు గోలకొండ నేలుచుండినవాడు అబ్దుల్లా కుతుబ్ షా. ఆయనకు మగ సంతానము లేదు, కుమార్తెలు మువ్వురు. పెద్దకుమార్తెను ఔరంగజేబు కుమారుడైన మహమ్మదు సుల్తానునకు, రెండవ కుమార్తెను మక్కానుండి వచ్చిన సయ్యదు అహమ్మదునకు ఇచ్చి వివాహము చేసిరి. మూడవ యామెను సయ్యదు సుల్తాను అను వానికి నిశ్చయించిరి. పెండ్లి పందిరి వేసిరి, నగరమంతయు అలంకరించిరి. అంతలో రెండవ యల్లుడు అడ్డుపడెను. ఈ సంబంధము జరిగినచో తానీ రాజ్యమున నిలువనని పట్టుబట్టెను. ముహూర్తము తప్పరాదు, వరుడు పనికిరాడు! అప్పుడు ఎవరికో షా రాజు మఠమున నున్న యీ చుట్టము జ్ఞప్తికి వచ్చెను. ఫకీరు దుస్తులలో నున్న వానిని పిలిపించి, స్నానము చేయించి, పెండ్లి బట్టలు కట్టి, రాచకూతురి ప్రక్కన కూర్చుండబెట్టిరి. నలమహారాజు కథవంటి కథలు చదివిన మనకు సైతము ఇది కొంత వింతగనే తోచును. కాని చరిత్రకారులు దీనిని వ్రాసియున్నారు.

1672వ సంవత్సరమున అబ్దుల్లా మరణింపగా అల్లుండ్ర నడుమ పోరు పుట్టెను. సయ్యదు అహమ్మదు గర్విష్ఠి యగుటచే సర్దారులు వానికి దూరమైరి. సేనాని సయ్యదు ముజఫరు అబుల్ హసను పక్షము వహించి యాతనిని సింహాసన మెక్కించెను. ఎక్కించినవాడే ఏలుచుండుట లోకరీతి గదా; ముజఫరు మీర్ జుమ్లా, అనగా ప్రధానమంత్రి, పదవిని చేపట్టి, సుల్తానును బొమ్మను చేయ జూచెను. అప్పుడు ఆ ముజఫరు కొలువుననే లెక్కలు చూచుచుండిన యొక బ్రాహ్మణుడు ముందుకు వచ్చెను. ఆతడు హనుమకొండ ప్రాంతమువాడగు మాదన్న. మాదన్న యెత్తుగడచే ముజఫరు పలుకుబడి పోయెను. 1674 ప్రాంతమున మాదన్నయే మీర్ జుమ్లా యయ్యెను. సుల్తా నాతనికి సూర్యప్రకాశరావు అను బిరుదు నిచ్చెను. అన్న అక్కన్నయు పెద్ద పదవినే పొందెను. వ్రాతపనితో జీవితము నారంభించి రాజ్యమును నడపువఱకు పోయిన వారిని గూర్చి వ్రాయునపుడు నాకు కొంత పక్షపాతము కలుగుట సహజము. పాఠకులు క్షమింతురు గాక.

తరువాతి పండ్రెండేండ్లు రాజ్యభారము మాదన్నది. జమాబందీ, సిస్తు వసూలు, రేవుల సుంకములు, వజ్రపు గనుల కౌళ్లు అన్నియు ఆతని కనుసన్నలలో నడచెను. మచిలీబందరులోని ఆంగ్లేయ, డచ్చి వర్తకులు ఆతని గట్టితనమును గూర్చి తమ పై యధికారులకు మొర పెట్టుకొనుచు వ్రాసిన జాబులు నిలిచియున్నవి. పరదేశి వర్తకుడు మొరపెట్టినంతమాత్రమున మంత్రి చెడ్డవాడని తలపనక్కరలేదు. అయితే వసూళ్ల బరువు రైతుపై పడకపోలేదు. అక్కన్న మాదన్నల మేనల్లుడని ప్రసిద్ధి చెందిన కంచర్ల గోపన్న పాల్వంచ పరగణా తహసీలుదారుగా నుండి సర్కారు సొమ్ముతో భద్రాద్రిపై గుడి కట్టించుటయు, దానికి గోలకొండలో చెర ననుభవించుటయు ఈ కాలపు కథలే. సొంత మేనల్లుని బాకీని మాఫీ చేయని మంత్రులు మనకు చరిత్రలో తరుచుగ కనబడరు. భద్రాద్రి కల్యాణమునకు ముత్యముల తలంబ్రాలు పంపు ఆచారము తానీషా కాలమున మొదలైనదని పెద్దలు చెప్పుదురు. నేటికిని ఆ ముత్యములు ప్రభుత్వ పక్షముననే పోవుచున్నవి. కూచిపూడి గ్రామమును భాగవతులకు అగ్రహారముగా నిచ్చిన ప్రభువు నీతడే యని ప్రతీతి.

1677లో శివాజీ మహారాజు దక్షిణ దండయాత్రకు బోవుచు హైదరాబాదునకు వచ్చెను. తానీషా ఆయనను గౌరవించి, ధనమును ఫిరంగులను ఇచ్చి, స్నేహము చేసికొనెను. ఈ స్నేహము మాదన్న యాలోచన. ఉత్తరమునుండి వచ్చు మొగలాయి వరదకు అడ్డుకట్ట కావలెనన్నచో మహారాష్ట్రులు, బిజాపురము, గోలకొండ మూడును కలిసి నిలువవలెనని యాతడు తలచెను. ఆలోచన మంచిదే, కాని ఆలస్యమైనది.

ఎందులకు ఆలస్యమైనదో తెలియుటకు కొంచెము వెనుకకు పోవలెను. 1636లోనే అబ్దుల్లా కుతుబ్ షా మొగలాయి పాదుషా షాజహానునకు లోబడి, ఏటేటా రెండు లక్షల హొన్నులు కప్పము కట్టుదునని వ్రాసియిచ్చెను. నాటినుండి గోలకొండ మొగలాయి చిట్టాలో బాకీదారు. 1656లో యువరాజుగా నున్న ఔరంగజేబు గోలకొండను ముట్టడించెను. కోట చేతికి వచ్చునట్లుండగా తండ్రి ఢిల్లీనుండి వ్రాసి ముట్టడిని మాన్పించెను. నోటి దగ్గరి ముద్ద జారిన ఆ జ్ఞాపకము ఔరంగజేబునకు ముప్పదియేండ్లును పోలేదు. గోలకొండవారును ఊరకుండలేదు. ఆ ముట్టడిలో బలహీనముగా తేలిన చోట్లను కట్టుదిట్టము చేసికొనిరి. కోట వెలుపలి గుట్టను కలుపుకొని నయాకిల్లా గోడను పెట్టిరి. 1666లో మూసాఖాను మూసా బురుజును కట్టించెను.

1685లో పాదుషా కుమారుడు షా ఆలము సేనతో వచ్చెను. గోలకొండ సేనాపతి మీర్ మహమ్మదు ఇబ్రహీము తన ప్రభువును విడిచి శత్రువులలో చేరెను. ఆ వార్త విని తానీషా హైదరాబాదును వదలి రాత్రికి రాత్రి కోటలోనికి పోయెను. ప్రజలు దిక్కులేనివారైరి. అక్టోబరు మాసమున మొగలాయి సేనలు నగరమును దోచుకొనెను. ప్రభువు తన ప్రజల నట్లు వదలిపోవుట ఆతని జీవితమున క్షమింపరాని తప్పు. సంధికై వచ్చిన షరతులు మూడు: బాకీల క్రింద ఒక కోటి యిరువది లక్షల రూపాయలు ఇచ్చుట, మల్ఖేడు సేడము ప్రాంతములను వదలుకొనుట, అక్కన్న మాదన్నలను తొలగించుట. మొదటి రెంటికి తానీషా యొప్పుకొనెను. మూడవదానికి కాలయాపనము చేసెను. కాని యంతఃపురమున అబ్దుల్లా భార్యలును, కొలువులో మాదన్నపై నసూయ గల సర్దారులును ఆగలేదు. 1686 మార్చి మాసమున ఒక రాత్రి సుల్తాను దర్శనము చేసికొని యింటికి మరలుచున్న మంత్రులను వీధిలో చంపించిరి. మాదన్న శిరస్సు మొగలాయి పాళెమునకు పోయెను. ఇండ్లు దోపిడి పాలయ్యెను. తానీషా ఈ హత్య చేయించినవాడు కాడు, కాని చేయించినవారిని శిక్షించినవాడును కాడు. పండ్రెండేండ్లు తన బరువు మోసిన మంత్రికి ఆతడు తీర్పని బాకీ యిది. హరికథలోని ఆరు లక్షలకంటె ఇది పెద్దది. హైదరాబాదు హరిబౌలి వద్ద అక్కన్న మాదన్నల పేర వెలసిన మహంకాళి యాలయమున నేటికిని బోనాలు జరుగుచున్నవి. ఆ సోదరులను సుల్తాను మరచినను ప్రజలు మరువలేదు.

మంత్రి తల యిచ్చినచో రాజ్యము మిగులునని తలచిన వారి యాస అడియాస యయ్యెను. 1686 సెప్టెంబరులో బిజాపురము పడిపోయెను. మరుసటి యేడు జనవరి 28వ తేదిన ఔరంగజేబు తానే సేనతో గోలకొండ ముందర దిగెను. తానీషా విధేయతను తెల్పుచు కానుకలతో వినతి పత్రములు పంపెను. పాదుషా యొక ఫర్మానాలో ఆతని నేరములను వరుసగా వ్రాయించెను: రాజ్యమును హిందువుల చేతిలో బెట్టుట, మద్యపానము, విలాసములు, శివాజీ కుమారుడగు శంభాజీకి లక్ష హొన్నులు పంపుట. ఇంక సంధి లేదని తెలిసినపుడు తానీషాలో మరియొక మనుష్యుడు మేల్కొనెను. పాటలతో ప్రొద్దు పుచ్చినవాడని పేరుపడినవాడు యుద్ధమునకు నడుము కట్టెను.

గోలకొండను చూచినవారికి ఆ కోట బలమును వేరుగ చెప్పనక్కరలేదు. చూడని పిల్లలకొఱకు కొంత చెప్పెదను. కాకతీయుల కాలమున మట్టికోటగా మొదలైన యీ దుర్గము కుతుబ్ షాహీల చేతిలో పెద్ద చుట్టుకొలత గల రాతికోట యైనది. ఎనిమిది ద్వారములు, ఎనుబదియేడు బురుజులు; చుట్టును లోతైన కందకము; నడుమ నాలుగు వందల అడుగుల యెత్తు గుట్టపై బాలాహిస్సారు. తలుపులకు ఏనుగులు తలలతో డీకొనకుండ ఇనుప ములుకులు. దుర్గం చెరువునుండి మట్టిగొట్టముల ద్వారా నీరు వచ్చుచుండెను. ఆ నీటిని మోటచక్రములతో అంచెలంచెలుగా గుట్టమీదికి ఎక్కించెడివారు. గాదెలలో ధాన్యము, కొట్లలో మందుగుండు నిండుగ నుండెను. ముట్టడింపబడిన కోటకు గోడకంటెను గాదె ముఖ్యము.

ఫిబ్రవరి 7వ తేదిన మొగలాయిలు కందకమువైపు దారులు త్రవ్వ మొదలిడిరి. మొదటి దినములలోనే వారి వృద్ధ సేనాని కిలిచ్ ఖాను భుజము గుండు దెబ్బకు తునిగిపోయెను. శస్త్రవైద్యులు ఎముక ముక్కలను ఏరుచుండగా ఆయన రెండవ చేతితో కాఫీ త్రాగుచు ఎదుటివారితో మాటలాడుచుండెనట. కొలది దినములకే మరణించెను. హిమాయతుసాగరము దగ్గర కిస్మత్పురమున ఆయన సమాధి యున్నది. ఈయన మనుమడే తరువాత 1724లో దక్కనును స్వాధీనము చేసికొనిన మొదటి నిజాము. ఆ వంశమున బుట్టిన సికందరు జాహు పేరనే 1806లో ఆంగ్లేయుల దండు ప్రక్కన మన సికింద్రాబాదు వెలసినది. గోలకొండ గోడమీదనుండి వచ్చిన యొక గుండు, మన పట్టణపు పేరు, ఈ రెంటికిని ఇంతటి చుట్టరిక మున్నది!

పాదుషా పాళెమున అందరి మనస్సు ఒకటిగా లేదు. షా ఆలము తానీషాపై జాలి గలవాడు. సంధి చేయింపవలెనని రహస్యముగా కోటలోనికి జాబులు నడిపెను. ఆ జాబులు పట్టువడెను. ఫిబ్రవరి 21వ తేదిన ఔరంగజేబు కన్నకుమారుని, మనుమలతో కూడ, బంధించెను. ఆ చెర యేడేండ్లు సాగినది.

మే మాసము 16వ తేది రాత్రి కిలిచ్ ఖాను కుమారుడు ఫిరోజ్ జంగు లగ్గలు పట్ట నుద్యమించెను. నిచ్చెనలు వేసి కొందరు నిశ్శబ్దముగా గోడపైకి ప్రాకిరి. మొదటివాడు పైకెక్కుట చూచిన యొకడు పరుగెత్తి పాదుషాకు జయవార్తను చెప్పెను. పాళెమున జయభేరులు మ్రోగెను. కాని గోడమీద శవములను వెదకుకొనుచు తిరుగుచుండిన యొక ఊరకుక్క క్రొత్తవారిని చూచి మొరిగెను. కావలివారు మేల్కాంచి, ఎక్కినవారిని నరకి, నిచ్చెనలను త్రోసివేసిరి. తానీషా ఆ కుక్కకు బంగారు గొలుసును, రత్నములు చెక్కిన పట్టెడను, జరీ వస్త్రమును ఇచ్చి తనయొద్ద నుంచుకొనెనని ఖాఫీఖాను వ్రాసెను. మొగలాయిలకు సిగ్గు తెచ్చిన యీ ముట్టడిని వారి పాళెమునందే యుండిన నియామతు ఖాను ఆలీ యను కవి హాస్యముగా గ్రంథస్థము చేసెను. గెలిచిన పక్షపు కవియే నవ్వుకొనిన ముట్టడి యిది.

జూను మాసమున వానలు పట్టెను. ఏళ్లు పొంగి ధాన్యపు బండ్లు రాలేదు. త్రవ్విన దారులన్నియు నీటితో నిండెను. అట్టి తుపానులో కోటలోనివారు వెలికి దూకి, ఫిరంగులను చెరచి, గైరతు ఖాను, సర్బరాహు ఖాను మొదలగు పెద్ద యధికారులను పట్టుకొనిపోయిరి. తానీషా వారిని చంపలేదు, బాధింపలేదు; అతిథులుగా జూచెను. నిండుగ నున్న తన గాదెలను, మందుగుండు కొట్లను సర్బరాహు ఖానునకు చూపించి, గౌరవముగా మరలబంపెను. వారితో పాదుషాకు తెలియజేసిన దేమనగా, తనను సామంతునిగ నుండనిచ్చినచో కోటి రూపాయలు ఇచ్చుటయేగాక, ఆకలిగొన్న మొగలాయి సేనకు త్రోవబత్తెముగా లక్షల మణుగుల ధాన్యమును గూడ పంపుదు నని. ముట్టడింపబడినవాడు ముట్టడించినవానికి అన్నము పెట్టెద ననుట! ఔరంగజేబు దానిని తిరస్కరించి, చేతులు కట్టుకొని తన యెదుటికి రావలెనని యుత్తరువు చేసెను. బాకీ వసూలునకు వచ్చినవాడు బాకీ పుచ్చుకొనడు! ఆతనికి కావలసినది సొమ్ము కాదనియు, ఎన్నడును కాదనియు, కప్పపు లెక్కలు నెపమనియు నేను తలచుట ఇందువలననే.

కందకమును పూడ్చుటకు గోతములలో మట్టి నింపి వేయింప దలచి, మొదటి గోతమును పాదుషా స్వయముగా వజూ చేసికొని తన చేతులతో కుట్టెను. కోటగోడ క్రిందికి మూడు సొరంగములు త్రవ్వించి మందు కూరించిరి. లోపలివారు ఎదురు సొరంగములు త్రవ్వి, ఆ మందును కొంత తీసివేసి, కొంత తడిపివేసిరి. జూను 20వ తేదిన మొదటి సొరంగమునకు నిప్పు పెట్టగా, ప్రేలుడు కోటవైపు పోక వెనుకకు తన్ని, దాడికి సిద్ధముగా నిలిచిన మొగలాయి సైనికులనే పదునొకండు వందల మందిని చంపెను. రెండవదియు నట్లే. మూడవది ప్రేలనే లేదు. పాదుషా స్వయముగా ముందుకు వచ్చి నిలిచినను ఫలితము లేకపోయెను.

సొరంగపు యుద్ధము ఆ కాలమున ఐరోపా ఖండమందును ముమ్మరముగ నుండెను. 1683లో తురుష్కులు వియన్నా నగరపు బురుజుల క్రింద ఇట్లే సొరంగములు త్రవ్వి విఫలులైరి. 1686లో బుడా కోట తురుష్కుల చేతినుండి పోయెను. గోలకొండ పడిన 1687లోనే ఏథెన్సులో తురుష్కులు మందుగుండు దాచుకొనిన పురాతన దేవాలయము పార్థెనాను వెనీసువారి గుండు తగిలి బ్రద్దలయ్యెను. సరిహద్దు కోటల కది గడ్డుకాలము.

కోటలోపలి మాట యటుండ, వెలుపలి మాట చెప్పవలెను. చరిత్రకారులు సేనానుల గాయములను లెక్కించిరి గాని పల్లెలను లెక్కింపలేదు. ఆ యేడు కఱవు వచ్చెను. దండు తిరిగిన దారుల యందు పైరు లేదు, పశువు లేదు. గోధుమ, పప్పు, బియ్యము దొరకకపోయెను. వెంటనే తెగులు పుట్టెను. హైదరాబాదులో ఇండ్లు పాడుపడి, మూసీ యొడ్డున శవములు కుప్పలు పడి, వానలు వెలిసిన పిదప ఎముకలు దూరమునకు తెల్లని దిబ్బలవలె కనబడెనని వ్రాసిరి. ఇదంతయు మనము బండి కట్టుకొని సంతకు పోవు మేరలో జరిగినది. ఆ పోరులో ఏ పక్షమునను లేని కాపులు, సాలెలు, కుమ్మరులు ఎందరు పోయిరో ఏ దస్త్రములోను లేదు.

ఫిరోజ్ జంగు గాయపడగా, పాదుషా మరియొక కుమారుడగు ఆజము సేనాధిపత్యము వహించెను. కఱ్ఱతోను మట్టితోను కోట చుట్టును మరియొక గోడ పెట్టించి రాకపోకలు బంధించిరి. గోలకొండ మొగలాయి రాజ్యమున కలిసినదని ప్రకటనయు చేసిరి. లంచములు మాత్రము గోడలు దాటి లోనికి పోవుచుండెను. తానీషా సర్దారులు ఒకరి వెనుక నొకరు జారుకొనిరి. మిగిలిన షేక్ నిజాము కూడ పోయెను. ఇంటిగుట్టు లంకకు చేటని మనవారు ఊరక యనలేదు. కడకు చెప్పుకొనదగినవాడు అబ్దుల్ రజాకు లారీ యొక్కడే మిగిలెను. ఈతడు పారశీకుడు. ఆరువేల మన్సబు నిత్తుమని పాదుషా పంపిన జాబును బురుజుమీద నిలువబడి, అందరు చూచుచుండగా ముక్కలు చేసి క్రిందికి విసరెను.

సెప్టెంబరు 21వ తేది రాత్రి అబ్దుల్లా పాణీ యను ఆఫ్గను సర్దారు ఒక దిడ్డితలుపు తెరచెను. ఈతడు మొదట బిజాపురమును విడిచి మొగలాయిలలో చేరి, వారిని విడిచి గోలకొండకు వచ్చినవాడు, మరల అమ్ముడుపోయెను. రూహుల్లా ఖాను కొందరితో లోనికి వచ్చి, పెద్ద ద్వారమును తీయించెను. ఆ ద్వారమే ఫతే దర్వాజా యని నేడు పిలువబడుచున్నది. ఎనిమిది మాసములు ఫిరంగికి లొంగని కోట ఇట్లు గడియ తీసిన చప్పుడునకు లొంగెను.

అబ్దుల్ రజాకు ఆ కలకలమును విని, జీనులేని గుఱ్ఱమెక్కి, పదిపండ్రెండుగురితో ద్వారము వద్దకు దూకెను. వెంటనున్నవారు కూలిరి. ఒంటరిగా పోరాడుచు శరీరమంతట గాయములై, గుఱ్ఱము తీసికొనిపోయిన చోటికి పోయి, నగీనాబాగు సమీపమున ఒక కొబ్బరిచెట్టు క్రింద పడిపోయెను. మరునాడు వెదకి తెచ్చి లెక్కింపగా డెబ్బదికి పైగా గాయములు కనబడెను. పాదుషా యొక పరంగి వైద్యుని, ఒక హిందూ వైద్యుని నియమించి బ్రతికించెను. తానీషాకు ఇట్టి సేవకుడు మరియొక్కడున్నచో కోట ఇంకను చాలకాలము నిలిచియుండెడి దని శత్రువే యొప్పుకొనెను. లారీ మొదట మొగలాయి కొలువును నిరాకరించెను. తరువాత మిక్కిలి బలవంతముమీద నొప్పుకొనెను. అందులకు వానిని తప్పుపట్టుటకు నాకు నోరు రాదు.

అరపులు విని తానీషా మేల్కొనెను. జరిగినది గ్రహించి అంతఃపురమునకు పోయి, ఏడ్చుచున్న స్త్రీల నోదార్చి, తన తప్పులకు వారిని క్షమాపణ కోరుకొనెను. పిదప కొలువుకూటమునకు వచ్చి తన స్థానమున కూర్చుండెను. పిలువని యతిథులు వచ్చునంతవఱకు ఎదురు చూచెను. రూహుల్లా ఖాను మున్నగువారు రాగానే తానే ముందుగా సలాము చేసి, వారిని కూర్చుండబెట్టి, తెల్లవారునందాక మాటలాడుచుండెను. భోజనవేళ యైనదని వంటవారు చెప్పగా వారినిగూడ పిలిచి, కూర్చుండి నిదానముగా భుజించెను. ఇట్టి సమయమున అన్నమెట్లు సహించు చున్నదని యొకడు అడిగెను. తన్ను ఫకీరుగా నుంచి, పిదప ప్రభువును చేసి, మరల దానిని తీసికొనుచున్నవాడు ఒక్కడే యనియు, ఆతడు తన కన్నమును కరవు చేయలేదు గావున సందేహమునకు తావు లేదనియు తానీషా బదులిచ్చెను. షా రాజు మఠమున ఆతడు చదివిన చదువు అప్పుడు బయటపడినది. బడిలో నేర్చినది పరీక్షకు పదిలముగ నుండుట అందరికి సాధ్యము కాదు.

భోజనము కాగానే ముత్యాల హారములు ధరించి, గుఱ్ఱమెక్కి ఆజము పాళెమునకు పోయెను. ఆజము వానిని ఆదరించి తండ్రియొద్దకు కొనిపోయెను. ఔరంగజేబును వానిని అవమానింపలేదు.

విజేతలు కోశాగారమును తెరచి లెక్కింపగా రొక్కమే సుమారు ఏడు కోట్ల రూపాయలు తేలెను. వెండి బంగారు పాత్రలు, రత్నములు వేరు. రాజ్యపు సాలుసరి వరుమానము రెండు కోట్ల ఎనుబదియేడు లక్షలు. ఈ యంకెలను ప్రక్కప్రక్కన బెట్టి చూచినపుడు నాకు నిద్రపట్టలేదు. రెండేండ్ల వరుమానమునకు మించిన సొమ్ము పెట్టెలలో మూలుగుచుండగా, జీతముల యాశకు సర్దారులు శత్రువుల వెంట పోయిరి. పల్లెలు ఆకలితో చచ్చినవి. నూటయేబదియేండ్లు కొల్లూరు గనులనుండియు, బందరు రేవునుండియు, మన నాగళ్ల క్రిందినుండియు కూడబెట్టినదంతయు ఒక్కమారుగ ఉత్తరాదివారి బండ్లకెక్కెను.

తానీషాను దౌలతాబాదు కోటకు పంపి, అచటి చీనీమహలులో నుంచిరి. ఏటికి ఏబదివేల రూపాయలు బత్తెము ఏర్పరచిరి. ఆతని కాలమును లెక్క కట్టిచూడగా, మఠమున పదునాలుగేండ్లు, సింహాసనమున పదునైదేండ్లు, చెరలో పండ్రెండేండ్లకు పైచిలుకు తేలును. పదునేడవ శతాబ్ది ముగియుచుండగా ఆతడు చెరలోనే మరణించెను. దౌలతాబాదునకు కొలది దూరమున ఖుల్దాబాదులో, తన గురువు పేరే గల పూర్వపు సూఫీ షా రాజు కత్తాలు దర్గా వద్ద, సామాన్యమైన సమాధిలో ఆతనిని ఖననము చేసిరి. కొన్నియేండ్లకు, 1707లో, ఔరంగజేబు పాదుషాను గూడ ఆ ఖుల్దాబాదుననే ఖననము చేసిరి. ఆయన సమాధియు సామాన్యమైనదే. ఓడినవాడును ఓడించినవాడును నేడొక్క యూరివారు.

గోలకొండ కోటకు ఉత్తరమున కుతుబ్ షాహీల సమాధులు వరుసగ నున్నవి. మనవారు ఆదివారములలో పిల్లలను తీసికొనిపోయి చూపించుచుందురు. గుమ్మటములు పెద్దవి, తోట చల్లనిది. తానీషా తనకొఱకు కట్టించుకొన నారంభించిన సమాధి యని అచట నొక యసంపూర్ణ కట్టడమును చూపుదురు. దానిలో నున్నది తానీషా కాదు. ఆతని వివాహమునకు కారకుడును, సింహాసనమునకు ప్రతిస్పర్ధియు నైన సయ్యదు అహమ్మదు, అనగా నిజాముద్దీను అహమ్మదు.